సంతకం నాదే, అప్పు నాది కాదు: గుంటూరు కోర్టులో ఒక ప్రోనోటు దావా

"ఆ సంతకం నాది కాదని రాసెయ్యమ్మా. మిగతాది నువ్వు చూసుకో" అన్నాడు బాబాయ్, సమన్ల కాగితాలు నా టేబుల్ మీద పెడుతూ.

ఆయన నాకు చుట్టం కాదు, నేను ఆయన వకీలును. సత్తెనపల్లి వైపు ఒక పల్లెలో మూడెకరాలు కౌలుకు తీసుకుని మిర్చి వేసే రైతు. అరవై దగ్గర పడ్డ మనిషిని మా వైపు బాబాయ్ అనే పిలుస్తాం. ఆయన మీద గుంటూరు సివిల్ కోర్టులో దావా పడింది. 2021 నవంబరులో ఆరు లక్షలు చేబదులుగా తీసుకుని ప్రోనోటు రాసిచ్చాడని, నూటికి రెండు రూపాయల వడ్డీతో 28 నెలలకు కలిపి రూ.9,36,000 ఇప్పించాలని వాది కోరాడు. పేర్లు, ఊరు, దావా నంబరు నేను రాయడం లేదు. అప్పీలు నడుస్తోంది కాబట్టి అవతలి పక్షం వాదనలో బలం ఉన్నచోట అది కూడా ఉన్నదున్నట్టే చెబుతాను.

బాబాయ్ చెప్పిన కథ ఇది. 2021 చివర్లో నల్ల తామర పురుగు మిర్చి పూతలోకి దూరి చేలకు చేలను ఊడ్చేసిన సంగతి ఈ జిల్లాల వాళ్లకు చెప్పనక్కర్లేదు. మందులు కొట్టడానికి డబ్బు లేక, మిర్చి యార్డులో తాను ఎప్పుడూ సరుకు వేసే కమీషన్ కొట్టుకు వెళ్లాడు. అక్కడ రూ.80,000 ఇచ్చి, అచ్చు ప్రోనోటు ఫారం మీద రూపాయి రెవిన్యూ స్టాంపు అంటించి సంతకం చేయించుకున్నారు. పేరు, మొత్తం, తేదీ ఏవీ నింపలేదు. 2022 మార్చిలో మిగిలిన కాస్త పంట అదే కొట్టులో అమ్మాడు. పట్టీలోనే, అంటే కొట్టువాళ్లు రాసిచ్చే అమ్మకం లెక్క చీటీలోనే, అసలు, వడ్డీ కోసుకున్నారు. ఫారం వెనక్కి అడిగితే "బీరువాలో ఎక్కడో ఉంది, దొరకగానే చించేస్తాలే" అన్నారు. రెండేళ్లకు ఆ ఫారం దావా అయి వచ్చింది. దావా వేసింది కొట్టు యజమాని కాదు, ఆయన బావమరిది. బాబాయ్ అతన్ని కొట్టులో ఒకటి రెండు సార్లు చూశాడంతే.

సంతకం ఎందుకు ఒప్పుకున్నాం

ఇలాంటి దావాల్లో చాలామంది వకీళ్లు అలవాటుగా "సంతకం ఫోర్జరీ" అని రాసేస్తారు. నాకు అది సమ్మతం కాదు. ముందు అది అబద్ధం. ఆ అబద్ధాన్ని రేపు బోనులో ప్రమాణం చేసి చెప్పాల్సింది నేను కాదు, ఆయన. రెండోది, కాగితం నిపుణుడి దగ్గరికి వెళ్లి సంతకం సరిపోయిందని రిపోర్టు వస్తే, ఆ తర్వాత ఆయన చెప్పే నిజాలు కూడా ఎవరి చెవికీ ఎక్కవు. ఎనభై వేల సంగతి, పట్టీల సంగతి, బీరువా సంగతి అన్నీ ఆ ఒక్క అబద్ధంతో పాటే కొట్టుకుపోతాయి.

ఆయన్ని ఒప్పించడానికి రెండు రోజులు పట్టింది. "ఒప్పుకుంటే మునిగిపోతాం కదమ్మా" అన్నాడు. "సంతకం ఒప్పుకుందాం బాబాయ్, అప్పు ఒప్పుకోవద్దు. రెండూ వేరు" అన్నాను.

ఆయన భయంలో అర్థం లేకపోలేదు. నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం సెక్షన్ 118(ఎ) ప్రకారం, ప్రోనోటు రాసిచ్చారని తేలితే దాని వెనక ప్రతిఫలం, అంటే డబ్బు, ముట్టిందనే కోర్టు మొదట అనుకోవాలి. కాదని చూపించాల్సింది ప్రతివాది. పైగా అదే చట్టంలో సెక్షన్ 20 ఉంది. స్టాంపు అంటించిన ఖాళీ ఫారం మీద సంతకం చేసి చేతికిస్తే, ఆ స్టాంపు సరిపోయే మొత్తం వరకు దాన్ని నింపుకునే అధికారం ఇచ్చినట్టే. అడగగానే చెల్లించే ప్రోనోటుకు మొత్తం ఎంతైనా రూపాయి స్టాంపు సరిపోతుంది. కాబట్టి "ఖాళీ కాగితం మీద సంతకం తీసుకున్నారు" అన్నంత మాత్రాన ఏ కోర్టూ దావా కొట్టేయదు. చెక్కుల విషయంలోనూ 2019లో బీర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఇదే దారిలో చెప్పింది. ఇష్టపడి సంతకం చేసి ఇచ్చిన ఖాళీ చెక్కుకు కూడా అప్పు ఉందన్న ఊహ వర్తిస్తుంది.

స్టాంపు దగ్గర ఏమైనా దొరుకుతుందేమో ముందే చూశాను. అచ్చు ఫారాల్లో "మీకు గాని, మీ ఆర్డరు పొందిన వారికి గాని" అనే మాట ఊరికే పెట్టలేదు. సాక్షులు సంతకాలు చేసిన కాగితంలో ఆ మాట లేకపోతే స్టాంపు చట్టం దృష్టిలో అది ప్రోనోటు కాదు, బాండు. అప్పుడు రూపాయి స్టాంపు చాలదు. ఈ ఫారంలో ఆ మాట ఉంది. ఆ దారి అక్కడితో మూసుకుపోయింది.

మిగిలింది ఒకటే: డబ్బు ముట్టలేదని చూపించడం. లేనిదాన్ని లేదని ఎలా చూపిస్తాం? ఈ చిక్కుకు మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఫుల్ బెంచ్ జి. వాసు కేసులో ఇచ్చిన జవాబే మాకు ఆధారం. డబ్బు ముట్టలేదని ప్రతివాది ప్రత్యక్ష సాక్ష్యంతో నూటికి నూరుపాళ్లు రుజువు చేయనక్కర్లేదు. ముట్టి ఉండదు అనుకోవడానికే ఎక్కువ అవకాశం ఉందని పరిస్థితుల ద్వారా చూపిస్తే చాలు. అవి వాది సాక్షుల నోటి నుంచే రావచ్చు. అలా చూపించాక 118 ఇచ్చిన ఊతం పోతుంది. అప్పుడు డబ్బు ఇచ్చానని వాదే మామూలు సాక్ష్యంతో రుజువు చేసుకోవాలి. 1999లో భారత్ బ్యారెల్ కేసులో సుప్రీంకోర్టు ఈ తీర్పును ఆమోదించింది. ఊరికే "తీసుకోలేదు" అంటే మాత్రం కుదరదని కూడా అక్కడే చెప్పింది.

దావా 2024 జులై 1కి ముందే పడింది కాబట్టి విచారణ అంతా 1872 నాటి సాక్ష్య చట్టం కిందే నడిచింది. కొత్త భారతీయ సాక్ష్య అధినియమ్ సెక్షన్ 170 పెండింగు కేసులను పాతదానికే వదిలింది. ఈ కేసులో పనికొచ్చిన పాత 101, 102, 114, 145 సెక్షన్లు కొత్త చట్టంలో 104, 105, 119, 148 అయ్యాయి. సారం మారలేదు.

వాడకుండా వదిలేసినవి

సంతకం 2021లోది, రాత తర్వాతది కాబట్టి ఇంకు వయసు తేల్చమని ల్యాబ్‌కు పంపిద్దామని బాబాయ్ కొడుకు పట్టుబట్టాడు. ఇంకు వయసును నమ్మదగినంత కచ్చితంగా చెప్పే పద్ధతి లేదని మన హైకోర్టు చాలాసార్లు చెప్పింది. పిటిషన్ వేసి ఆరు నెలలు పోగొట్టుకోవడం నాకు ఇష్టం లేదు.

కొట్టు యజమానితో మాట్లాడిన ఫోన్ రికార్డింగ్ ఒకటి పెన్‌డ్రైవ్‌లో తెచ్చారు. రికార్డు చేసిన ఫోన్ ఎక్స్చేంజిలో పోయింది. ఎలక్ట్రానిక్ కాపీ నమ్మదగినదేనని సాక్ష్య చట్టం అడిగే 65బి సర్టిఫికెట్ ఆ ఫోన్ గురించి ఎవరు ఇస్తారు, దేన్ని చూసి ఇస్తారు? 2020 నాటి అర్జున్ పండిత్‌రావ్ తీర్పు తర్వాత సర్టిఫికెట్ లేకుండా అలాంటి కాపీని లోపలికి రానివ్వరు. అదీ పక్కన పెట్టాం. ఆ ఫోన్ ఉండి ఉంటే ఈ కేసు ఇంకోలా నడిచేదేమో.

మూడో లైను

వాది సాక్షుల క్రాస్ ఎగ్జామినేషన్‌కు ముందు రోజు రాత్రి ప్రోనోటు కాపీని మళ్లీ చదువుతున్నాను. అంతకుముందు ఎన్నిసార్లు చదివానో లెక్కలేదు. మూడో లైనులో బాబాయ్ చిరునామా ఉంది: ఊరి పేరు, సత్తెనపల్లి మండలం, పల్నాడు జిల్లా.

కాగితం తేదీ 2021 నవంబరు. పల్నాడు జిల్లా పుట్టింది 2022 ఏప్రిల్ 4న, పదమూడు జిల్లాలు ఇరవై ఆరు అయిన రోజున. ముసాయిదా నోటిఫికేషన్ అయినా 2022 జనవరి చివర్లో గాని రాలేదు. 2021 నవంబరులో సత్తెనపల్లి గుంటూరు జిల్లాలోనే ఉంది.

ఇన్నాళ్లూ నా కంట పడకపోవడానికి కారణం ఉంది. 2024లో వాది వేసిన ప్లెయింటులో, అంటే దావా పత్రంలో, బాబాయ్ చిరునామా పల్నాడు జిల్లా అనే ఉంది, అది సరైనదే. రెండు కాగితాలు పక్కపక్కన పెట్టుకుని చదివిన కంటికి ఆ మాట మామూలుగానే అనిపించింది. దానికి మేం జవాబుగా వేసిన రిటన్ స్టేట్‌మెంటులో దీని గురించి ఒక్క ముక్క లేదు. ఆ లోటు నాదే. మరుసటి రోజు అవతలి వకీలు "ప్లీడింగులో లేని విషయం అడుగుతున్నారు" అని అభ్యంతరం చెప్పారు. ప్లీడింగులో పెట్టాల్సింది వాస్తవాలు, సాక్ష్యం కాదు. ఫారం తర్వాత నింపారన్న వాస్తవం మేం రాశాం, ఇది దానికి సాక్ష్యం అని సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 6 రూల్ 2 చూపించాను. ప్రశ్నను జడ్జిగారు అనుమతించారు.

ప్రోనోటు దస్తూరి రాసినాయన రెండో సాక్షి. చీఫ్ అఫిడవిట్‌లో, అంటే ప్రమాణం చేసి రాసిచ్చిన సాక్ష్యంలో, అంతా తన ఎదుటే జరిగిందన్నాడు. ప్రతివాదికి చదివి వినిపించాను, సంతకం చేశాడు, అక్కడికక్కడే ఆరు లక్షలు లెక్కపెట్టి ఇచ్చారు అని. నేను ముందు ఆయన మాటనే గట్టిగా కట్టేశాను.

"ఈ ప్రోనోటులో రాత అంతా మీదేనా?"

"అంతా నాదే."

"ఒకే రోజు, ఒకే పూట రాశారా?"

"ఒకే పూట. అరగంట కూడా పట్టలేదు."

"ఆ తర్వాత మీరు గాని, ఇంకెవరు గాని దాని మీద ఏమైనా రాశారా?"

"లేదండీ. ఒక్క అక్షరం కూడా."

అప్పుడు అసలు ప్రోనోటు ఆయన చేతికి ఇప్పించి, మూడో లైను పైకి చదవమన్నాను. చదివాడు. పల్నాడు జిల్లా అన్న దగ్గర గొంతు మారలేదు, ఆయనకింకా తట్టలేదు. "2021 నవంబరులో సత్తెనపల్లి ఏ జిల్లాలో ఉండేది?" అని అడిగాను. కాగితం వైపు చూశాడు. అద్దాలు తీసి తుడుచుకున్నాడు. "గుంటూరు జిల్లా" అన్నాడు. ఒక్క క్షణం ఆగి, "మా వైపు ముందు నుంచీ పల్నాడనే అంటామండీ" అని చేర్చాడు.

నేను అక్కడితో ఆపేశాను. మరి జిల్లా అని ఎందుకు రాశారు అని అడగాలని నోటిదాకా వచ్చింది. అడిగితే ఆ సంజాయిషీని సాగదీసి బలపరుచుకునే వీలు ఆయనకు నేనే ఇచ్చినదాన్ని అయ్యేదాన్ని. కొత్త జిల్లాల గెజిట్ కాపీని తర్వాత మా వైపు మార్క్ చేయించాం.

ఇంతటితో కేసు గెలిచేసినట్టు ఆ రోజు కోర్టు హాల్లో మా వాళ్లందరికీ అనిపించింది. నాకు అనిపించలేదు. అవతలి వకీలు తెలివైనవారు, సాయంత్రానికే దారి వెతుక్కుంటారని తెలుసు. వాదనల్లో ఆయన చెప్పింది ఇది: సరే, చిరునామా తర్వాత నింపారనే అనుకుందాం. సెక్షన్ 20 అందుకు అధికారం ఇస్తోంది కదా. సంతకం ఒప్పుకున్నారు, డబ్బు ముట్టిందన్న ఊహ అలాగే ఉంది.

చట్టం మాటగా అది తప్పు కాదు. నా జవాబు వేరే చోట మొదలైంది. ఖాళీ ఫారం ఇచ్చారు, తర్వాత మేం నింపుకున్నాం అని వాది ప్లెయింటులో చెప్పి ఉంటే సెక్షన్ 20 ఆయనది. ఆయన అలా చెప్పలేదు. రాత, సంతకం, డబ్బు మూడూ ఒకే పూట, ఒకే చోట జరిగాయన్నాడు. ఆరు లక్షలు చేతులు మారడం చూశామన్న సాక్షులే రాత కూడా అప్పుడే జరిగిందని ప్రమాణం చేశారు. రాత విషయంలో కాగితమే వాళ్లను కాదంటోంది. అప్పుడు డబ్బు విషయంలో వాళ్ల మాట దేని మీద నిలబడాలి?

ఒక్క విషయంలో అబద్ధం చెప్పాడని సాక్షి మాట మొత్తం కొట్టేయాలన్న సూత్రం మన దేశంలో చట్టం కాదు. తూర్పారబట్టి గింజ, పొల్లు వేరు చేయాల్సిన పని కోర్టుదే. అందుకే జిల్లా పేరు ఒక్కటే చాలదు. డబ్బు ఇచ్చారన్న గింజ నిజంగా ఉందా లేదా అనేది మిగతా సాక్ష్యంలో వెతకాలి.

పట్టీ

మూడో సాక్షి కొట్టు యజమాని, ప్రోనోటు మీద సాక్షి సంతకం చేసినాయన. క్రాస్‌లో 2022 మార్చి నాటి పట్టీ ఆయనకు చూపించబోతే, ముందుగా దాఖలు చేయని పత్రం అని అభ్యంతరం వచ్చింది. అవతలి సాక్షిని క్రాస్ చేసేటప్పుడు పత్రం అప్పటికప్పుడు చూపించవచ్చని, పార్టీకీ సాక్షికీ ఇందులో తేడా లేదని సుప్రీంకోర్టు 2023 డిసెంబరులో మహమ్మద్ అబ్దుల్ వాహిద్ కేసులో తేల్చింది. తీర్పు కాపీ ఇచ్చాను.

ఆ పట్టీ గులాబీ రంగు పలచటి కాగితం. మడత పడ్డ చోట చిరగబోతుంటే బాబాయ్ భార్య వెనక నుంచి అన్నం మెతుకుతో ఇంకో ముక్క అతికించింది. పైన టిక్కీల (మిర్చి బస్తాల) సంఖ్య, తూకం, ధర. కింద హమాలీ, కమీషన్. దాని కింద "పాత బాకీ" అని రూ.80,000, పక్కనే వడ్డీ. చివర చేతికిచ్చిన మొత్తం రూ.41,200. బాకీ అన్న మాట ఎదురుగా సున్నా పెట్టి, దాని చుట్టూ గుండ్రంగా గీత.

"ఈ రాత ఎవరిది?" అంటే "మా గుమాస్తాది" అన్నాడు. "ఆ గీత?" "బాకీ తీరితే అలా చుడతాం." రాసింది తన మనిషేనని తన నోటితో ఒప్పుకున్నాక పట్టీ మా వైపు మొదటి పత్రంగా ఎగ్జిబిట్ బి1 అయింది. ఆ నవంబరులో ఇదే రైతు తన బావమరిది దగ్గర ఆరు లక్షలు తీసుకోవడం తాను చూశానని చెప్పే మనిషి, నాలుగు నెలల తర్వాత తన ఎనభై వేలు కోసుకుని, మిగిలిన రూ.41,200 ఆ రైతు చేతిలోనే పెట్టి పంపాడు. బావమరిది బాకీ ఊసు ఎత్తలేదు. "ఎవరి అప్పు వాళ్లు వసూలు చేసుకుంటారు" అన్నాడు అడిగితే. ఆ మాటనూ కొట్టిపారేయలేం. లోకంలో అలా చేసేవాళ్లూ ఉంటారు.

2021, 2022 లెక్కల పుస్తకాలు తెమ్మని ఆయనకు సమన్లు పంపాం. వర్షానికి తడిసి పాడయ్యాయన్నాడు. చేతిలో ఉన్న లెక్కలు దాచిపెడితే అవి తనకు వ్యతిరేకంగా ఉంటాయని కోర్టు ఊహించవచ్చని, ఆ ఊహతోనే 118 ఊహను కూడా తిప్పికొట్టవచ్చని 1961 నాటి కుందన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు అంది. కానీ అక్కడ పుస్తకాలు దాచింది డబ్బు రావాలని కోరిన పక్షమే. ఇక్కడ పుస్తకాలు సాక్షివి. ఈ తేడా జడ్జిగారు పట్టుకున్నారు, ఆ పాయింటు మాకు ఇవ్వలేదు.

ఇక వాది. ఆరు లక్షలు ఎక్కడివి అంటే కోల్డ్ స్టోరేజీలో ఉన్న తన మిర్చి అమ్మిన డబ్బన్నాడు. స్టోరేజీ బాండు (సరుకు దాచిన రసీదు) లేదు, పట్టీ లేదు, బ్యాంకులో వేయలేదు, తీయలేదు. బాబాయ్ ఊరు ఎప్పుడూ చూడలేదన్నాడు. భూమి సొంతమా కౌలా అంటే తెలియదన్నాడు. ఇరవై వేలు, అంతకు మించిన అప్పు నగదుగా తీసుకోకూడదన్న ఆదాయపు పన్ను నిబంధన గురించీ అడిగాను, కానీ దాని మీద ఎక్కువ ఆధారపడలేదు. అది తప్పినంత మాత్రాన అప్పు చెల్లకుండా పోదు.

మా వైపు బలహీనత కూడా చెప్పాలి. దావాకు ముందు వాది లాయరు నోటీసు పంపాడు, బాబాయ్ జవాబు ఇవ్వలేదు. బోనులో ఆయన్ని గంటసేపు దీని మీదే నిలబెట్టారు. "నోటీసు తీసుకుని కొట్టుకు వెళ్లాను, నేను చూసుకుంటాలే పో అన్నారు" అన్నాడు. "మరి వకీలును ఎందుకు కలవలేదు?" "ఆయన మాట నమ్మాను." ఖాళీ కాగితం అని తెలిసే సంతకం చేశానని కూడా దాచకుండా చెప్పాడు. ఆ నిజాయితీ వింటున్నప్పుడు నాకు టెన్షన్‌గానే ఉంది. తర్వాత తీర్పులో దానికే విలువ దక్కింది.

తీర్పు

దావా కొట్టేశారు. నోటీసుకు జవాబు ఇవ్వకపోవడం ప్రతివాదికి వ్యతిరేకమని రాశారు. నల్ల తామర ఏడాదిలో మిర్చి రైతు పెద్ద మొత్తం అప్పు చేయడం అసహజం కాదన్న వాది వాదన కూడా ఒప్పుకున్నారు. అయినా ఒకే పూట రాశామన్న సాక్ష్యాన్ని కాగితమే ఖండిస్తోందని, ప్రాంతాన్ని పల్నాడు అనడం వేరు, జిల్లా గడిలో పల్నాడు అని రాయడం వేరని, డబ్బు ఎక్కడి నుంచి వచ్చిందో వాది చూపలేకపోయాడని, పట్టీలో బాకీ తీరిన తీరు ప్రతివాది కథకు సరిపోతోందని, ఇవన్నీ కలిపి చూస్తే డబ్బు ముట్టలేదనడానికే ఎక్కువ అవకాశం ఉందని అన్నారు. ప్రోనోటు నకిలీదని గాని, వాది కుట్ర చేశాడని గాని ఎక్కడా రాయలేదు. డబ్బు ఇచ్చినట్టు "రుజువు కాలేదు" అన్నారంతే.

బాబాయ్‌కి ఇది నచ్చలేదు. "వాళ్లది అబద్ధమని రాయలేదేంటమ్మా?" అని రెండుసార్లు అడిగాడు. చట్టంలో రుజువైంది, అబద్ధమని రుజువైంది, రుజువు కాలేదు అని మూడు వేర్వేరు మాటలున్నాయని, మనకు మూడోది చాలని చెప్పాను. తల ఊపాడు గాని మనసుకు ఎక్కలేదు. ఇన్నాళ్లూ ఊళ్లో అప్పు ఎగ్గొట్టినవాడనిపించుకున్న మనిషికి ఆ మాట ఎందుకు చాలదో నాకూ తెలుసు.

వాది అప్పీలుకు వెళ్లాడు. మొదటి అప్పీలులో సాక్ష్యమంతా మళ్లీ మొదటి నుంచీ తూచవచ్చు. సెక్షన్ 20 మీదే వాళ్ల ఆశంతా. పోయిన వాయిదాకు బాబాయ్ వచ్చినప్పుడు ఆ గులాబీ పట్టీ వెనక్కి ఇప్పించమన్నాడు. అప్పీలు తేలేదాకా అది కోర్టు ఫైల్లోనే ఉండాలన్నాను. జిరాక్స్ తీయించి ఇస్తే, నాలుగు మడతలు వేసి చొక్కా లోపలి జేబులో పెట్టుకుని సత్తెనపల్లి బస్సెక్కాడు.